రెండోవారు తల తిప్పుకోండి

నేలమాళిగలో మొత్తం ఐదుగురం. నేను, అక్క, ఒక ప్లీడరు, బాకా వాయించే ఒక పెద్దమనిషి, ఒక బాతు. పైన వీధుల్లో పసుప్పచ్చ పొగ. దాన్ని పీల్చినవాళ్ళు ముందు చిన్నగా నవ్వుతారు, తర్వాత పొట్ట పట్టుకుని నవ్వుతారు, ఆ తర్వాత నవ్వు ఆగక చచ్చిపోతారు. ఊళ్ళో సగంమంది అప్పటికే అలా పోయారు. గోడమీద రేడియో ఒకటి రోజూ పొద్దున్నే గొంతు సవరించుకుని, "శ్రోతలకు శుభోదయం. ఈ రోజు వాతావరణం ఎంతో ఆహ్లాదంగా ఉంది. బయటికి వెళ్ళినవారెవరూ ఇంతవరకూ ఫిర్యాదు చేయలేదు," అంటుంది.

ఇది వీడియో గేమ్. పేరు "ఇంకొక్క రోజు". నలభై రోజులు ప్రాణాలతో ఉంటే, నలభయ్యో రోజు ఒక లారీ వచ్చి మిగిలినవాళ్ళని తీసుకుపోతుంది. ఎక్కడికి అని అడక్కూడదు, అడిగితే రేడియో కోప్పడుతుంది. నేనూ అక్కా దాన్ని టాబ్లెట్‌లో ఆడేవాళ్ళం, వారానికి మూడు మధ్యాహ్నాలు, నాలుగేసి గంటలు. ఎందుకంటే ఆ మూడు మధ్యాహ్నాలూ మా అక్క రక్తం ఒక యంత్రంలోకి వెళ్ళి శుభ్రపడి తిరిగొస్తుంది. అక్క కిడ్నీలు రెండేళ్ళ కిందటే చేతులెత్తేశాయి.

ఇంకొక సంగతి కూడా ఇప్పుడే చెప్పేస్తాను. దాచిపెట్టడంలో నా ప్రావీణ్యం ఎంతటిదో ఎలాగూ ముందుముందు తెలుస్తుంది. నా కిడ్నీ అక్కకి సరిపోతుందని చెప్పే ఉత్తరం నా సంచిలో ఉంది. వచ్చి మూడు వారాలైంది. అక్క ఒక్కసారి అడిగింది. "ఇంకా రాలేదక్కా, ఆసుపత్రివాళ్ళ సంగతి తెలుసుగా" అని నీళ్ళు నమిలాను. మళ్ళీ అడగలేదు.

దాతలతో మాట్లాడే ఆవిడ ఒకరున్నారు ఆ ఆసుపత్రిలో. రెండో అంతస్తులో చిన్న గది, బల్లమీద కాగితపు రుమాళ్ళ పెట్టె. "మీరు వద్దనుకుంటే మీ అక్కగారికి సరిపోలేదని మాత్రమే చెబుతాం. ఇంకేం చెప్పం. ఎప్పుడు వద్దనుకున్నా సరే," అందావిడ. అంత మర్యాదగా మాట్లాడేసరికి నాకు కోపమొచ్చింది. తిట్టి పంపిస్తే ఎంత బాగుండేది అనిపించింది.

నాకు భయం. అంతకుమించి గొప్ప కారణం ఏమీ లేదు. మత్తు ఇస్తే లేస్తానా, లేచాక నా ఒంట్లో ఒక చోట ఖాళీగా ఉంటే అది నాకు తెలుస్తుందా, మిగిలిన ఒక్కటి అలిగితే ఏం చేయాలి, ఇలాంటివి ఓ పాతిక అడిగాను. అన్నిటికీ మంచి జవాబులే వచ్చాయి. నా భయం మాత్రం ఒక్క జవాబునీ చెవిన పెట్టలేదు.

ఆ వార్డులో పది మంచాలు, పది యంత్రాలు. అన్నీ ఒకే శ్రుతిలో గురగురమంటూ ఉంటాయి. మధ్యాహ్నం రెండు దాటేసరికి ఆ గురగురలో మనుషుల గురక కూడా కలిసిపోయి, ఎవరిది ఏదో తెలియదు. లేతనీలం గోడలు, పగలంతా వెలిగే ట్యూబులైట్లు, మెడదాకా కప్పిన దుప్పట్లు. అక్కడ కాలం నడవదు, తేలుతుంది. నర్సు ఒక్కతే ఆ నీలంలో చెప్పుల చప్పుడు లేకుండా తిరుగుతూ, ప్రతి మంచం దగ్గరా ఆగి, "ఎలా ఉంది మేడమ్? చలిగా ఉందా? ఇంకా రెండు గంటలే," అని సంతోషంగా చెబుతుంది. ఆ సంతోషం విని మేము ఆవిడకి రేడియో అని పేరు పెట్టాం. ఆవిడకి తెలిసి కూడా ఏమీ అనుకోలేదు.

అక్కది చివరి మంచం, కిటికీ పక్కన. కిటికీ అని పేరేగానీ రెండడుగుల అవతల పక్క భవనం గోడ, నాచు పట్టి నల్లగా. ఎండ పడదు, గాలి రాదు. అక్క పట్టుబట్టి మరీ ఆ మంచం అడిగి తీసుకుంది. యంత్రం ఆమెకి ఎడమవైపు. ఎడమ చేతికి రెండు సూదులు, రెండు గొట్టాలు, ఒకదాంట్లో పోయే రక్తం, ఒకదాంట్లో వచ్చే రక్తం. అటు చూడటం అక్కకి ఇష్టం లేదు. అందుకని కుడివైపు, కిటికీవైపు మొహం తిప్పుకుని పడుకునేది. నేను ఆ కిటికీవైపే వీపు పెట్టి, అక్క కాళ్ళదగ్గర స్టూలు వేసుకుని కూర్చునేదాన్ని.

"ఏముందక్కా అక్కడ, పొద్దస్తమానం చూస్తావు?"

"బానే ఉందే గోడ. నీకేం పోయింది?"

మొదట్లో నేను రాగానే నా సంచిని అక్క కాళ్ళమీద ధబ్బున పడేసేదాన్ని. స్కూలు రోజులనుంచీ ఉన్న పాడలవాటు. అక్క కూడా స్కూలు రోజులనుంచీ ఒకే మాట అనేది: "ఒసేయ్, ఇటుకలు మోస్తున్నావా?" ఉత్తరం వచ్చాక సంచిని ఒళ్ళోనే పెట్టుకుని కూర్చోవడం మొదలుపెట్టాను. దానికి కారణం నేను ఆలోచించలేదు, అక్క అడగలేదు.

నేను కళ్ళద్దాల దుకాణంలో వెనకగదిలో పనిచేస్తాను. అద్దాలు ఫ్రేముకి సరిపోయేలా అరగదీయడం, అంచులు నునుపు చేయడం, మెరుపు తిరిగి కొట్టకుండా పూత ఉన్నదీ లేనిదీ దీపం కింద పెట్టి చూడటం. అద్దంలో ఏ వెలుగు ఎటు పోతుందో నాకు తెలిసినంత మా వీధిలో ఎవరికీ తెలియదని నా నమ్మకం. వార్డులో ట్యూబులైట్లు టాబ్లెట్ మీద పడి అక్క కళ్ళకి ఇబ్బందిగా ఉంటే, దుకాణంనుంచి మెరుపు కొట్టని పొర తెచ్చి అతికించాను. "చూశావా, ఒక్క గీత కూడా తిరిగి కొట్టదు," అని గొప్పలు పోయాను. అక్క కిటికీ వైపు చూస్తూ, "నీ తెలివికేం తల్లీ," అంది.

అక్కది సిటీబస్సుల డిపోలో కంట్రోలరు ఉద్యోగం. గేటు పక్కన చిన్న గది. బస్సులు వీపు వెనకనుంచి మలుపు తిరిగి వస్తాయి, ఎదురుగా గోడమీద పళ్ళెమంత గుండ్రటి అద్దం. దాంట్లో బోర్డు చూసి, మైకులో ఏ బస్సు కదలాలో ఏది ఆగాలో చెబుతుంది. పదహారేళ్ళుగా అదే పని. జబ్బు వచ్చాక కూడా వారానికి నాలుగు రోజులు వెళ్తూనే ఉంది. పరిగెత్తుకొచ్చే ఒక్క మనిషి కోసం ఆమె బస్సు ఆపిన పాపాన పోలేదు. "లోపల యాభైమంది కూర్చున్నారు, వాళ్ళేం తప్పు చేశారు?" అంటుంది.

ఆటలోనూ అదే పద్ధతి. మొదటిసారి ఆడినప్పుడు రెండో రోజే ప్లీడరుని పొగలోకి పంపించేసింది. పోతూ పోతూ ఆయన గడపమీద నిలబడి, ఈ తీర్పు చెల్లదని పదకొండు కారణాలు చెప్పాడు. ఏడో కారణం దగ్గర నవ్వడం మొదలుపెట్టాడు.

"అయ్యో, పాపం అక్కా!"

"ఏం పాపం? రోజుకి రెండు డబ్బాల తిండి తింటున్నాడు, పైగా బాతుమీద కేసు వేశాడు."

"మనిషి కదా."

"బొమ్మ. నీ వంతు వచ్చింది, ఆడు."

ఇద్దరు ఆడే ఆట కాబట్టి ఒక ఏర్పాటుంది. ప్రతి మనిషికీ ఒక సంచి ఉంటుంది. ఎవరి వంతు వస్తే వాళ్ళు తమ సంచి తెరిచి, తిండి డబ్బాలుండే అరమీదనుంచి తీసినవాటిని అందులో దాచుకోవచ్చు, లేదా దాచినవాటిని బయటపెట్టి అందరితో పంచుకోవచ్చు. సంచి తెరిచే ముందు తెరమీద పెద్ద అక్షరాలతో పడుతుంది: రెండోవారు తల తిప్పుకోండి. అక్క నిజాయితీగా కిటికీవైపు తల తిప్పేసేది. ఇంకో వీలు కూడా ఉంది. పక్కవాళ్ళు నిద్రపోతుంటే వాళ్ళ సంచి వెతకొచ్చు. దొరికితే తినేయొచ్చు, కానీ ఆ తర్వాత ఒకరిమీద ఒకరికి నమ్మకం తగ్గుతుంది, నమ్మకం బొత్తిగా పోతే నేలమాళిగలో కత్తులు బయటికొస్తాయి.

నేను అందరి సంచులూ వెతికేదాన్ని. ప్లీడరుది, బాకా ఆయనది, అక్కది, ఆఖరికి బాతు గూడు కూడా. అక్క సంచిలో ఎప్పుడూ ఏమీ ఉండేది కాదు. అక్క మాత్రం ఎవరి సంచీ ముట్టుకోలేదు, ఒక్కసారి కూడా. అంత కఠినంగా మనుషుల్ని పొగలోకి తోసేసే ఆడమనిషికి సంచి దగ్గరికొచ్చేసరికి ఎక్కడలేని మర్యాద.

"వెతికితే ఏమవుతుంది? ఆటే కదా," అన్నాను ఒకసారి.

"దాచుకున్నవాళ్ళు భయపడి దాచుకుంటారే. వెతికితే భయం పోతుందా? ఇంకా లోపలికి పోతుంది."

 ఒళ్ళో సంచిని కొంచెం దగ్గరికి లాక్కున్నాను.

మా చిన్నప్పుడు ఇంట్లో తినేది ఏదొచ్చినా అక్క కత్తి పట్టుకుని సగం చేసేది. బన్ను కావచ్చు, ఆపిల్ కావచ్చు. ఎంత జాగ్రత్తగా కోసినా ఒక ముక్క కొంచెం పెద్దదయ్యేది. అప్పుడు రెండూ పళ్ళెంలో పెట్టి, కళ్ళు గట్టిగా మూసుకుని, "నీకు నచ్చింది తీసుకో, నేను చూడను," అనేది. నేనెప్పుడూ పెద్దదే తీసుకున్నాను. చూడటం లేదుగా అని.

మేము ముప్పై తొమ్మిదో రోజుదాకా బతికింది ఒక్కసారే, ఈ మూడు వారాల్లోనే. ఒక్క ఆటే సాగుతూ వచ్చింది. పన్నెండో రోజున బాకా ఆయన, చాలాకాలంగా తన పాట వినేవాళ్ళే లేరని బెంగపెట్టుకుని, బాకా తీసుకుని పైకి వెళ్ళిపోయాడు. వీధిలో ఆయన వాయిస్తుంటే పొగలో ఉన్నవాళ్ళందరూ పడీపడీ నవ్వారు. జీవితంలో మొదటిసారి సభ నిండిందని ఆయన మురిసిపోయాడు. ఇరవయ్యో రోజున ప్లీడరు తనే వెళ్ళిపోయాడు, మామీద నోటీసు తలుపుకి అంటించి. మిగిలింది మేమిద్దరం, బాతు.

బాతుని కోసుకోమని ఆట ఐదారుసార్లు అడిగింది. ప్రతిసారీ అక్క వద్దనే నొక్కింది.

"ప్లీడరుకి లేని జాలి బాతుకా?" అన్నాను.

"అది రోజూ టైముకి లేస్తోందే. టైముకి లేచేవాళ్ళని తినకూడదు."

రేడియో నర్సు అటుగా వెళ్తూ విని పకపకా నవ్వింది. ఎదురు మంచంమీద పెద్దాయన ఉలిక్కిపడి కళ్ళు తెరిచి, మళ్ళీ మూసుకున్నాడు.

ఈ ఆటలో ఎప్పుడైనా అరమీద అనాసపండు డబ్బా దొరికేది. అన్ని డబ్బాల్లోకీ అదే విలువైనది, ఒక్కటి తింటే మూడు రోజులు ఆకలి వేయదు. నిజజీవితంలో అక్కకి డాక్టర్లు అనాసపండు కాదు కదా, దాహమేస్తే గ్లాసు నీళ్ళు కూడా ఇవ్వనివ్వరు. చిన్న మంచుముక్క బుగ్గన పెట్టుకుని అది కరిగేదాకా మాట్లాడకుండా ఉండేది. "ఆటలోనైనా తినిపించవే ఆ పండు," అనేది. "దొరకనీ అక్కా," అనేదాన్ని. నాకు తొమ్మిది దొరికాయి. తొమ్మిదీ నా సంచిలో ఉన్నాయి.

ఎందుకు దాచావంటే ఏం చెప్పను? ఎప్పుడైనా అవసరం పడుతుందని. ఏ రోజుకారోజు, రేపు ఇద్దాంలే, ఇంకొక్క రోజు చూద్దాంలే అనిపించేది. ఆట పేరు కూడా అదే.

ఒక మధ్యాహ్నం బయట వాన. వాన కనిపించదు, గోడమీద నాచు ఇంకా నల్లబడితే వాన అనుకోవాలి. యంత్రాల గురగురలో నా కళ్ళు మూతలు పడ్డాయి. కళ్ళు తెరిచి చూస్తే వార్డు అదే, కానీ తలుపు దగ్గర మెట్లు పైకి పోతున్నాయి, మెట్లమీద పసుప్పచ్చ పొగ వాలి పడుకుని ఉంది. బాతు ఒకటి మంచం మంచం దగ్గరా ఆగి, మెడ చాచి, యంత్రాలమీద అంకెలు చదువుతోంది. ఎదురు మంచంమీద పెద్దాయన లేచి కూర్చుని, తన తరఫున తనే వాదించుకుంటున్నాడు. ఎవరూ వినడం లేదు, ఆయనకీ కోపంగా లేదు. పైన ఎక్కడో చాలా దూరంలో బాకా.

"శ్రోతలకు విజ్ఞప్తి," అంది రేడియో, నర్సు గొంతుతో. "రెండోవారు తల తిప్పుకోండి."

పది మంచాలమీద పదిమందీ ఒక్కసారిగా గోడవైపు తిరిగారు. నా ఒళ్ళో సంచి బరువెక్కింది. తెరిచాను. లోపల ఒక్కటే డబ్బా. మూత దానంతటదే పక్కకి జరిగింది. అందులో అనాసపండు లేదు, ఏదో వెచ్చగా, పిల్లికూనంత, ముడుచుకుని నిద్రపోతోంది. మెల్లగా ఊపిరి తీస్తోంది. నాకు భయం వేయలేదు. వేలితో ముట్టుకుందామనుకున్నాను, లేస్తుందేమోనని ఆగాను. అది నాదని నాకు తెలుసు. ఎవరూ చూడటం లేదు కాబట్టి దాన్ని చాలాసేపు చూస్తూ ఉండిపోయాను.

మెలకువ వచ్చేసరికి నా చెయ్యి నిజంగానే సంచిలో ఉంది. వేళ్ళకింద ఉత్తరం. అక్క వైపు చూశాను. కిటికీవైపు తిరిగి పడుకుని ఉంది, కళ్ళు సగం మూతపడి. ఉత్తరాన్ని మెల్లగా బయటికి లాగి, టాబ్లెట్ మీద పరుచుకుని మరోసారి చదివాను. ఏం మారుతుంది? అదే రాసి ఉంది. మడిచి లోపల పెట్టేశాను. ఇలా చదవడం అది మొదటిసారేమీ కాదు.

రెండు రోజుల తర్వాత మళ్ళీ వెళ్ళినప్పుడు అక్క మొహం ఉబ్బి ఉంది. ముందురోజు డిపోలో మైకు ముందు కూర్చుని, ఏ బస్సుని పిలవాలో ఒక నిమిషం గుర్తురాలేదట. "ఒక్క నిమిషమే," అంది నవ్వుతూ. "ఆ నిమిషంలో నాలుగు బస్సులు వరసగా ఆగిపోయాయి. డ్రైవర్లు దిగొచ్చి నా మొహం చూశారే. పదహారేళ్ళలో ఎప్పుడూ అలా చూడలేదు."  మాట మార్చడానికి టాబ్లెట్ తీశాను.

ముప్పై తొమ్మిదో రోజు. రేడియో ఉత్సాహంగా ఉంది. "రేపే లారీ! ఇంతదాకా బతికినందుకు అభినందనలు. ఇకముందు కూడా బతకాలని నియమమేమీ లేదు." అర ఖాళీ. అక్క బొమ్మ గోడకి చేరగిలబడి ఉంది, ఆకలి గీత ఎర్రబడి మిణుకుమిణుకుమంటోంది. నా బొమ్మ ముసుగుతన్ని నిద్రపోతోంది, దిట్టంగా. వంతు అక్కది. తెర మూడు దారులు చూపించింది. బాతుని కోయాలి. లేదా నిద్రపోతున్న చెల్లెలి సంచి వెతకాలి. లేదా తిండికోసం పైకి వెళ్ళాలి.

పైకి వెళ్తే ఏమవుతుందో మా ఇద్దరికీ తెలుసు. పొగ తగలకుండా మొహానికి కట్టుకునే గుడ్డ ఒక్కటే ఉండేది, అది ఎప్పుడో చిరిగిపోయింది.

అక్క ఏమాత్రం ఆలోచించకుండా మూడోదానిమీద వేలు పెట్టబోయింది. నేను అరచెయ్యి అడ్డం పెట్టేశాను, తెర మొత్తం కప్పేస్తూ.

"ఆగు. సంచి వెతుకు."

"ఎందుకు?"

"వెతకమంటున్నానా! ఎప్పుడూ వెతకవు, నీకేం రోగం? ఒక్కసారి వెతికితే నీ సొమ్మేం పోయింది? అందులో ఉన్నాయక్కా. తొమ్మిది డబ్బాలు ఉన్నాయి."

నా గొంతు పెద్దదైపోయింది. ఎదురు మంచం పెద్దాయన మళ్ళీ కళ్ళు తెరిచాడు.

"తెలుసు," అంది అక్క.

"ఏం తెలుసు?"

"తొమ్మిదని. మొదటిది ఐదో రోజు దాచావు. నిన్నో మొన్నో ఒకటి బయటికి తీసి, మళ్ళీ లోపల పెట్టేశావు."

 అక్క గడ్డంతో నా వెనక చూపించింది. వెనక్కి తిరిగాను. కిటికీ. అవతల నల్లగోడ, ఇవతల పగలంతా వెలిగే ట్యూబులైట్లు. ఆ గాజులో వార్డు మొత్తం ఉంది. పది మంచాలు, నీలం గోడలు, నర్సు. నా జడ, నా భుజం, నా చేతిలో టాబ్లెట్, దాని తెర. నా వంతుల్లో నా సంచీ, అందులో తొమ్మిది డబ్బాలూ ఇలాగే కనిపించి ఉంటాయి, ఒక్కటి కూడా తప్పకుండా.

అద్దాలమీద బతికే మనిషిని. టాబ్లెట్‌కి పొర అతికించి గొప్పలు పోయిన మనిషిని. నా వీపు వెనక ఉన్నది కూడా అద్దమేనని, దానికి ఏ పూతా లేదని, మూడు వారాలపాటు నాకు తట్టలేదు. నాకు సిగ్గేసింది, ఆ సిగ్గులోనే ఇంకో సంగతి తట్టింది.

"అక్కా... ఉత్తరం కూడా..."

"చూశాను."

"అక్షరాలు తిరగబడి ఉంటాయిగా."

"బస్సుల బోర్డులు పదహారేళ్ళుగా ఎలా చదువుతున్నాననుకున్నావే?"

నాకు ఒళ్ళు మండిపోయింది. తప్పు నాది, మండింది మాత్రం నాకే. "మూడు వారాలనుంచి తెలిసి, నోరు మూసుకుని కూర్చున్నావా? నేను రాలేదు రాలేదని అబద్ధాలు చెబుతుంటే వింటూ కూర్చున్నావా? అడగొచ్చుగా! తిట్టొచ్చుగా! నాలుగు తగిలించొచ్చుగా!"

"బస్సు తలుపు తీసి పెట్టడం వరకే మా పని," అంది అక్క. గొంతు మైకులో ఉన్నట్టు మామూలుగా ఉంది. "చెయ్యి పట్టుకుని లాగితే జనం కిందపడతారు. చాలామందిని చూశాను."

"నాకు భయంగా ఉందక్కా." ఎట్టకేలకు బయటికొచ్చింది. చిన్నపిల్లలా ఏడుపు కూడా వచ్చింది. "చాలా భయంగా ఉంది. నువ్వు పోతావేమోనని భయం, నేను పోతానేమోనని కూడా భయం. ఏది ఎక్కువో నాకే తెలియడం లేదు."

"నాకూ అంతే. నువ్వు ఇస్తావేమోనని కూడా భయంగానే ఉంది." అక్క కుడిచేత్తో నా చెంప తుడిచింది. ఆ చెయ్యి చల్లగా ఉంది, ఆ గదిలో అందరి చేతుల్లాగే. "ఇవ్వకపోతే ఏమీ అనుకోను. అది నిజం. మళ్ళీ ఆ మాట చెప్పను, చెబితే పైపై మర్యాదలా ఉంటుంది."

యంత్రంమీద ఇంకా యాభై నిమిషాలు చూపిస్తోంది. టాబ్లెట్‌లో రేడియో గొంతు సవరించుకుంది: "శ్రోతలారా, మీరు ఇంకా ఏమీ నిర్ణయించుకోలేదు. మాకేం తొందర లేదు. మీకే ఉండాలి."

"నోర్ముయ్," అన్నాం ఇద్దరం ఒకేసారి.

అప్పుడు అక్క దుప్పటి మెడదాకా లాక్కుంది. కిటికీవైపు తిరగలేదు. యంత్రంవైపూ తిరగలేదు. వెల్లకిలా పడుకుని, కళ్ళు గట్టిగా మూసుకుంది, రెప్పలమీద గీతలు పడేంత గట్టిగా.

"నీకు నచ్చింది చెయ్యి," అంది. "నేను చూడను."

నేను లేచి ఆ మొహాన్ని చూశాను. పళ్ళెంలో రెండు ముక్కలు పెట్టి కళ్ళు మూసుకున్న మొహం అదే. అప్పట్లో రెండు జడలుండేవి, అంతే తేడా. ఈ ఒక్కసారి ఎక్కడా నన్ను చూసే అద్దం లేదు. నేను పైన ఆవిడకి వద్దని చెప్పి ఇంటికి వెళ్ళిపోయినా, ఆ సరిపోలేదన్న మాట ఎల్లుండికల్లా అక్కకి చేరుతుంది, అక్క నమ్మినట్టే ఉంటుంది, వచ్చే వారం మళ్ళీ బాతుని కాపాడుకుంటాం. చూడని మనిషి ముందు నేనెప్పుడూ ఏం చేశానో నాకు తెలుసు.

సంచి భుజాన వేసుకుని బయటికి వచ్చాను. నడవాలో రేడియో నర్సు, "ఏంటమ్మా, అప్పుడే వెళ్ళిపోతున్నావా?" అంది. తల అడ్డంగా ఊపాను. మెట్లెక్కాను. రెండో అంతస్తులో, కాగితపు రుమాళ్ళ గదిలో ఆవిడ ఉంది. ఉత్తరం బల్లమీద పెట్టి, "సంతకం ఎక్కడ పెట్టాలి?" అన్నాను.

ఆవిడ తొందరపడలేదు. మళ్ళీ మొదటినుంచీ అన్నీ చెప్పింది. ఇంకా ఏమేం పరీక్షలుంటాయో, ఎన్ని రోజులు పడుకోవాలో, మత్తు ఇచ్చే చివరి నిమిషంలో కూడా వద్దనొచ్చని. నేను మళ్ళీ ఆ పాతిక ప్రశ్నలూ అడిగాను. భయం పోయిందా అంటే పోలేదు. నా పక్క కుర్చీలో నాతోపాటే కూర్చుని ఉంది. రెండు చోట్ల సంతకం పెట్టాను. రెండోది ఇంకెవరి సంతకంలాగో వచ్చింది. ఆవిడ నవ్వి, ఫరవాలేదు, అందరిదీ ఇలాగే ఉంటుందని ఒక ప్రతి నా చేతికిచ్చింది. దాన్ని ఉత్తరంతోపాటు మడిచి సంచిలో పెట్టుకున్నాను.

తిరిగొచ్చేసరికి యంత్రంమీద పన్నెండు నిమిషాలు. వార్డంతా నిద్రలో తేలుతోంది. గాజులో నేను తలుపుదగ్గర నిలబడి ఉన్నాను, నీలంగా, కొంచెం వంకరగా. అక్క కళ్ళు ఇంకా మూసుకునే ఉన్నాయి. పక్కన టాబ్లెట్ అదే చోట ఆగి ఉంది, బాతు నిద్రపోతోంది, అక్క బొమ్మ గోడకి ఆనుకుని ఇంకా ఎదురు చూస్తోంది. అడుగుల చప్పుడు విని అక్క మెడ కొంచెం బిగుసుకుంది. కానీ రెప్పలు తెరవలేదు.

నేను మంచం దగ్గరికి వెళ్ళి, భుజంమీద సంచి తీసి, అక్క కాళ్ళమీద ధబ్బున పడేశాను.



"ఒసేయ్," అంది అక్క, కళ్ళు మూసుకునే. "ఇటుకలు మోస్తున్నావా?" 

"వెతికి చూసుకో," అన్నాను.